వెలుతురు ఎవరి పేరున ఉంది?

ప్రభుత్వం వారు ఒక నిబంధన పెట్టారంటే దాని వెనక ఏదో మంచి ఉంటుందని నా నమ్మకం. ఆ మంచి కనిపించకపోతే నా చూపులోనే లోపం ఉందనుకుంటాను. కృష్ణానగర్‌లో ముప్ఫై రెండేళ్లుగా పూజా సామాను కొట్టు నడుపుతున్నవాణ్ణి, నమ్మడం నా వృత్తిలో భాగం. అందుకని ‘దృశ్య శైలీ పరిరక్షణ మండలి’ విషయంలో కూడా మొదట నేను ఎవరినీ ఏమీ అడగలేదు.

ఆ మండలి ఎందుకు పుట్టిందంటే, ఒకే శుక్రవారం రెండు సినిమాలు విడుదలయ్యాయి. రెండింటిలోనూ కథానాయిక వాన కురుస్తుండగా కిటికీ అద్దం వెనక నిలబడి ఏడ్చింది. అద్దం మీద జారే నీళ్ల నీడ ఆమె చెంపల మీద పడింది. నా శైలి వాడు దొంగిలించాడంటే, కాదు వాడే నాది దొంగిలించాడని ఇద్దరు కెమెరామెన్ టీవీల్లో కొట్లాడుకున్నారు. తొమ్మిది రోజులు రాష్ట్రమంతా ఆ నీళ్ల గురించే మాట్లాడింది. పదో రోజున మండలి ఏర్పడింది. పదకొండో రోజున నిబంధనలు వచ్చాయి. వాటిలో ముఖ్యమైనవి రెండే. ఒక ఛాయాగ్రాహకుడికి ఒకే శైలి. ఒక శైలికి ఒకే ఛాయాగ్రాహకుడు. పెళ్లి గురించి పెద్దలు చెప్పినట్టే ఉంది కదా, తప్పేముంది అనుకున్నాను.

మా కొట్టుకు సినిమావాళ్లు తరచుగా వస్తారు. కొత్త సినిమా మొదలయ్యే రోజున కెమెరాకు బొట్టు పెట్టి, దేవుడి పటాలకు హారతిస్తూ ఆ పటాల మీదే తొలి షాట్ తీయడం వాళ్ల ఆనవాయితీ. దానికి కావలసిన కర్పూరం, కొబ్బరికాయలు మా దగ్గరే కొంటారు. అలా పరిచయమైనవారే కంచర్ల దైవాధీనం గారు.

ఆయనకు అరవై మూడేళ్లు. నలుపు తెలుపు సినిమా ఆఖరి ఊపిరి మీదున్న రోజుల్లో మద్రాసు వెళ్లి, లైటు స్టాండ్లు మోసి, లెన్సు తిప్పి ఫోకస్ లాగి, చివరికి కెమెరామన్ అయ్యారు. పంతొమ్మిది సినిమాలు చేశారు. ఆయన పద్ధతి ఒక్కటే. ఇంట్లోకి వెలుతురు ఎటునుంచి వస్తుందో మనిషి మొహం మీదకీ అటునుంచే రావాలి. అటు పక్క వెలుగు, ఇటు పక్క చీకటి. “మనిషన్నాక కొంత కనపడాలండీ, కొంత కనపడకూడదు” అనేవారు. తర్వాత సినిమాలు తగ్గాయి. పదకొండేళ్లుగా ఒక టీవీ సీరియల్ తీస్తున్నారు. అక్కడ ఛానెల్ వారి ఆజ్ఞ ఏమిటంటే, కరెంటు పోయిన సన్నివేశంలో కూడా అత్తగారి నెక్లెస్ మెరవాలి. గదికి నాలుగు వైపులా లైట్లు పెట్టి పెట్టి ఆయన నీడ అన్నది మరిచిపోయారని నేననుకునేవాణ్ణి.

“లేదండీ శెట్టిగారూ,” అన్నారొకసారి. “పెద్దకోడలి ముక్కు పక్కన చిన్న నీడ రోజూ దాచిపెడుతూనే ఉన్నాను. ఛానెల్‌వాళ్లకి ఇంకా దొరకలేదు.”

ఈ ఏడు వైశాఖంలో ఒకరోజు ఆయన కొట్టు మెట్లు రెండేసి చొప్పున ఎక్కి వచ్చారు.

“శెట్టిగారూ, సినిమా వచ్చిందండీ!”

“చూద్దామండీ. ఏ థియేటర్లో?”

“చూడ్డానిక్కాదండీ బాబూ, తీయడానికి! నాకు!”

దర్శకురాలు నీలవేణి అనే ఇరవై తొమ్మిదేళ్ల అమ్మాయి, ఇదే మొదటి సినిమా. ఒక మంత్రసాని కథ. చిన్నప్పుడు ఆదివారం సాయంత్రం టీవీలో దైవాధీనం గారి పాత సినిమా ఒకటి చూసిందట. అందులో ఒకావిడ కిటికీ పక్కన కూర్చుని బియ్యం చెరుగుతుంటే సగం మొహమే కనిపిస్తుంది. “ఆ సగం మొహం కోసమే నేను మిగతా సినిమా రాసుకున్నా గురువుగారూ” అందట ఈయనతో. జ్యేష్ఠ శుద్ధ దశమికి ముహూర్తం పెట్టారు.

“ఇది తీసేసి కెమెరా దించేస్తానండీ. నాకింకేం అక్కర్లేదు,” అన్నారు. “కానీ ఆ మండలిలో శైలి నమోదు కాయితం ఉండాలంట. మీరు కొంచెం తోడొస్తారా? ఆఫీసుల్లో నాకు నోరు పెగలదు.”

వెళ్లాం. ఎర్రమంజిల్ దగ్గర ఓ పాత భవనం మూడో అంతస్తు. శైలీ నమోదు అధికారి శ్రీ వాడపల్లి చక్రధరరావు గారు. ఆయన ఎడమ కంటికి శుక్లం ముదిరింది, వచ్చే నెల ఆపరేషన్. రిజిస్టరు ముక్కుకు ఆనించుకుని చదివేవారు. రాష్ట్రంలో ఎవరి సినిమా ఎలా కనపడాలో నిర్ణయించే బాధ్యత ఆయనకిచ్చారు. చూడనివారికే పక్షపాతం ఉండదని కాబోలు.

“మీ శైలి ఏమిటో ఒక్క మాటలో తెలియపరచండి,” అన్నారు.

“ఒక్క మాటంటే... నీడండీ,” అన్నారు దైవాధీనం గారు.

“నీడలు మూడు తరగతులుగా విభజించి కేటాయించబడినవి. మొహం మీద పడు నీడ, గోడ మీద పడు నీడ, నేల మీద పడు నీడ. మూడూ పూర్తి అయినవి. ప్రకటన వెలువడిన మొదటి పూటే పూర్తి అయినవి. తమరు ఎక్కడున్నారు?”

“సీరియల్ షూటింగులో ఉన్నానండీ. పోనీ కిటికీ వెలుతురు ఇప్పించండి, చాలు.”

“తూర్పు కిటికీ రెండువందల పద్నాలుగో నంబరు వారిది. పడమటి కిటికీ రెండువందల పదిహేను. ఉత్తరపు కిటికీకి వాస్తు రీత్యా గిరాకీ అధికమైనందున లాటరీ తీయబడినది.”

“మరి దక్షిణం?” అన్నాను నేను.

ఆయన పేజీ తిప్పి, మళ్లీ వెనక్కి తిప్పారు. “దక్షిణానికి దరఖాస్తులు లేవు. యమస్థానం కదా, ఎవరూ సాహసించలేదు. ఇతర ఖాళీలు చదువుతాను. ట్యూబులైటు. మనిషి వీపు. అంతే.”

“దక్షిణం ఇచ్చేయండి సార్,” అన్నారు దైవాధీనం గారు, ఎవరో లాక్కుంటారన్నట్టు.

“అశుభ దిక్కును కేటాయించుటకు పైవారు అభ్యంతరం తెలుపవచ్చును.”

నాకు ఊరుకోబుద్ధి కాలేదు. “అయ్యా, సాక్షాత్తు శివుడే దక్షిణామూర్తిగా ఆ దిక్కుకు తిరిగి కూర్చున్నాడు కదండీ. జగద్గురువు చూసే వైపు అశుభం ఎలా అవుతుంది?”

అధికారి రిజిస్టరు పక్కకు జరిపారు. “సదరు దేవుడు దక్షిణాభిముఖుడని ధ్రువీకరిస్తూ ఒక తెల్లకాగితం మీద రాసి సంతకం చేయండి. ఫైలులో జతపరుస్తాను.”

రాసిచ్చాను. దక్షిణపు కిటికీ దైవాధీనం గారి పేరున నమోదైంది. దేవుడికి ముఖదిక్కు ధ్రువీకరణ పత్రం ఇచ్చిన భాగ్యం ఎంతమందికి దక్కుతుంది!

ముహూర్తం నాడు ఘట్‌కేసర్ దగ్గర అద్దెకు తీసుకున్న పెంకుటింటికి సామాను పట్టుకుని నేనూ వెళ్లాను. గదికి నాలుగు కిటికీలు. మండలి తరఫున వచ్చిన ఇన్‌స్పెక్టరు ఎల్లేశం గారు అప్పటికే మూడింటికి నల్లగుడ్డ కొట్టించి, చేతిలో దిక్సూచితో నాలుగోదాని దగ్గర నిలబడి ఉన్నారు. దేవుడి పటాలు అమర్చాం. పళ్లెంలో కర్పూరం పెట్టి అగ్గిపుల్ల గీయబోయాను.

“ఆగుండ్రి, ఆగుండ్రి!” అన్నారు ఎల్లేశం గారు. “మంట తొమ్మిదో నంబరాయనది. దీపాలు, కాగడాలు, కర్పూరం అన్నీ ఆయన పేరు మీదనే ఉన్నయ్.”

“ఇది దేవుడికండీ.”

“దేవునికి ఇయ్యుండ్రి, నేనెందుకు వద్దంట? కెమెరాకు మాత్రం కనపడొద్దు.”

“హారతి మీదే కదండీ తొలి షాట్!”

“గందుకే చెప్తున్న, ముట్టియ్యకుండ తిప్పుండ్రి. తిప్పుడు ఎవ్వరి పేరు మీద లేదు. నేను చూసిన.”

వెలిగించని కర్పూరాన్ని దేవుడి ముందు మూడుసార్లు తిప్పాను. ముప్ఫై రెండేళ్లలో వెలగని హారతి ఇవ్వడం అదే మొదలు. నీలవేణి క్లాప్ కొట్టించింది. అందరూ చప్పట్లు కొట్టారు. పటంలో వెంకటేశ్వరస్వామి మాత్రం ఎప్పటిలాగే కళ్లు మూసుకుని ఉన్నారు. ఈసారి ఎందుకు మూసుకున్నారో నాకు తెలుసు.

తర్వాత అసలు షాట్. మంత్రసాని వేషం వేసినావిడ దక్షిణపు కిటికీ పక్కన కూర్చుంది. మెత్తటి వెలుతురు ఆమె కుడి చెంప మీద పడింది. దైవాధీనం గారు కెమెరాలోకి చూసి, కళ్లు తుడుచుకుని, మళ్లీ చూశారు. పదకొండేళ్ల తర్వాత మనిషికి రెండో చెంప చీకట్లో ఉంది.

ఎల్లేశం గారు కిటికీలోంచి తల బయటపెట్టి ఆకాశం చూశారు. దిక్సూచి చూశారు. మళ్లీ ఆకాశం చూశారు.

“సార్, సూర్యుడు ఉత్తరం దిక్కున్నడు.”

“జ్యేష్ఠమాసం కదండీ, ఉంటాడు,” అన్నాను.

“మరి దక్షిణం కిటికీలకెల్లి ఈ వెలుగు ఎట్లొస్తుంది?” ఆయనే వెళ్లి చూసి వచ్చారు. “అగో, ప్రహరీ గోడకు తాకి మర్లొస్తుంది. మర్లొచ్చే వెలుగు డెబ్బై ఏడో నంబరోళ్లది.” ఆయన గొంతులో నిజంగానే బాధ ఉంది. “నేనేం జెయ్యాల్నో మీరే చెప్పుండ్రి. నాకు ఇద్దరు బిడ్డలున్నరు.”

కిటికీ మూసి, తాడు కట్టి, లక్కముద్ర వేశారు.

గది చీకటైపోయింది. నిర్మాత ఫోన్ చేశారు. పది రోజుల్లో కాగితం సరి చేసుకోకపోతే దైవాధీనం గారిని తీసేసి రెండువందల పద్నాలుగో నంబరు వారిని పెట్టుకుంటానన్నారు. నీలవేణి ఫోన్ పెట్టేసి చున్నీతో కళ్లు తుడుచుకుంది.

“ఏడవకమ్మా,” అన్నారు దైవాధీనం గారు. “ఆ కుర్రాడు మంచివాడే. నా దగ్గరే పని నేర్చుకున్నాడు. తూర్పు కిటికీ ఏ టైముకి తెరవాలో వాడికి చెప్పింది నేనే.”

“మరి ఆ మాట మండలికి చెప్పొచ్చుగా గురువుగారూ!”

“చెప్పాను. నేర్పించడం శైలి కాదంట.”

మర్నాడు పొద్దున్న డాబా మీద సూర్యుడికి అర్ఘ్యం ఇస్తూ ఉంటే నాకు చిన్న సందేహం వచ్చింది. నేను పెద్దగా చదువుకున్నవాణ్ణి కాను, పదో తరగతి. అందుకే సందేహాలు పెద్దవి రావు. తూర్పు కిటికీ రెండువందల పద్నాలుగో నంబరు వారిది. సరే. ఆ కిటికీలోంచి వచ్చేది ఎవరిది?

నిబంధనల పుస్తకం తెచ్చుకుని కళ్లజోడు పెట్టుకుని చదివాను. పదకొండో నిబంధన దగ్గర ఆగాను. ‘నమోదు కాబడిన శైలిని అంతకు పూర్వం నుండియే వినియోగించుచున్నవారెవరైనను హక్కు కోరుచూ దరఖాస్తు చేయవచ్చును. సదరు దరఖాస్తు తేలువరకు వివాదాస్పద నమోదులన్నియు నిలుపుదల చేయబడును.’

మూడు ప్రతుల్లో దరఖాస్తు నింపాను. పేరు: శ్రీ సూర్యనారాయణమూర్తి గారు. నివాసం: ఆకాశం. వృత్తి: వెలుతురు. ఎప్పటినుండి వినియోగంలో ఉన్నది: సృష్ట్యాది నుంచి. ఆధారాలు: ఈ ఏటి పంచాంగం ఒకటి జతపరచడమైనది. ప్రతినిధిగా కింద నా సంతకం పెట్టాను.

మా ఆవిడ భుజం మీదుగా చదివింది. “సూర్యుడి తరఫున వకాల్తా పుచ్చుకున్నారా? బాగుంది. ముప్ఫై ఐదేళ్లలో నా తరఫున మీ అమ్మగారితో ఒక్క మాట మాట్లాడారా?”

“ఆవిడ దగ్గర పదకొండో నిబంధన లేదే,” అన్నాను.

చక్రధరరావు గారు దరఖాస్తును ముక్కుకు ఆనించుకుని రెండుసార్లు చదివారు.

“పరిహాసమా?”

“దేవుడితో పరిహాసమాడతానా అండీ?”

“ఈ పంచాంగం దేనికి?”

“హాజరుపట్టీ అండీ. ఏ రోజు ఎన్ని గంటలకు వచ్చిందీ, ఎన్ని గంటలకు వెళ్లిందీ నిమిషాలతో సహా ఉంది. ఒక్క నాగా లేదు. తమ ఆఫీసులో ఇలాంటి హాజరు ఉన్నవారు ఇంకెవరైనా ఉంటే వారికే ఇవ్వండి.”

“తమరు ప్రతినిధి అనుటకు ఆధారం?”

“నలభై ఒక్క ఏళ్లుగా రోజూ పొద్దున్నే మనవి చేసుకుంటున్నానండీ. వద్దని ఏనాడూ అనలేదు.”

ఆయన ఎర్రసిరా కలం తీశారు. ‘తిరస్కరించడమైనది’ అని రాయడానికి తి అనే అక్షరం పెట్టారు కూడా. అంతలో కలం ఆగింది. చేతిని ఎడమ కన్ను మీదకు పోనిచ్చి మెల్లగా రుద్దుకున్నారు.

“ఆపరేషన్ ఎప్పుడండీ?” అని అడిగాను. మామూలుగానే అడిగాను.

“ఇరవై రెండున. ఆదివారాలు మా ఇంట్లో వంటలో ఉప్పు వేయరు. ఆ కంటి కోసమే. సూర్యభగవానుడికి మా ఆవిడ మొక్కు...” తి పక్కన ఏం రాయాలో చాలాసేపు చూసుకున్నారు. చివరికి ‘తిరిగి పరిశీలించు నిమిత్తం స్వీకరించడమైనది’ అని రాశారు.

ఆ సాయంత్రమే ఉత్తర్వు వెలువడింది. వెలుతురుకు సంబంధించిన నమోదులన్నీ దరఖాస్తు తేలే వరకు నిలుపుదల. అంటే అంతవరకూ ఎవరైనా ఏ కిటికీ అయినా తెరుచుకోవచ్చు. ఎల్లేశం గారే వచ్చి లక్కముద్ర తీశారు. మూడు కిటికీల నల్లగుడ్డలు కూడా ఆయనే విప్పారు.

“ఎన్ని రోజులు కావాలె సార్ మీ సినిమాకు?”

“ముప్ఫై అండీ,” అన్నారు దైవాధీనం గారు.

“అయితే జల్ది గానియ్యుండ్రి. మా ఆఫీసు ఊకోదు.”

ఊకోలేదు. ఎనిమిదో రోజున నాకు నోటీసు వచ్చింది. ‘తమ కక్షిదారుడు శ్రీ సూర్యనారాయణమూర్తి పూర్వ వినియోగదారుడని ప్రాథమికంగా రుజువైనందున, ఆయన ఈ మండలి నిబంధనల పరిధిలోకి వచ్చియున్నారు. ఒక వ్యక్తికి ఒకే శైలి అనునది మూల నిబంధన. అయితే సదరు కక్షిదారుడు ఉదయం లేత ఎరుపు, మధ్యాహ్నం తెలుపు, సాయంత్రం బంగారు వర్ణం వినియోగించుచూ, ప్రతిదినం మూడు శైలులను అవలంబించుచున్నట్లు విచారణలో తేలినది. వీటిలో ఏదేని ఒకదానిని ఎంచుకుని, మిగతావి తక్షణం విరమించవలెను. లేనిచో దరఖాస్తు రద్దగును.’

దరఖాస్తు రద్దయితే పాత నంబర్లు లేచి కూర్చుంటాయి. కిటికీలు మూసుకుంటాయి. దైవాధీనం గారి సినిమా ఇంకా ఇరవై రెండు రోజులుంది.

నేను జవాబు రాశాను. ‘దరఖాస్తుదారు ప్రస్తుతం ఉత్తరదిక్కు క్యాంపులో ఉన్నారు. పంచాంగం ప్రకారం ఆషాఢంలో దక్షిణ దిశకు బయలుదేరతారు. అప్పుడు వారి అభీష్టం కనుక్కొని తెలియజేస్తాను.’ క్యాంపు అనే మాట ఆఫీసుల్లో తిరుగులేనిది. పన్నెండు రోజులు ఎవరూ మాట్లాడలేదు.

తర్వాత వానలు పట్టాయి. నాలుగు రోజులు సూర్యుడు కనపడలేదు. ‘దరఖాస్తుదారు ముందస్తు అనుమతి లేకుండా విధులకు గైర్హాజరైనారు’ అని రెండో నోటీసు. ‘వచ్చారు, మబ్బు చాటున పని చేశారు, పగలు అయింది కదా, గమనించగలరు’ అని రాశాను. ఈ లోపల మబ్బు వెలుతురులో దైవాధీనం గారు మంత్రసాని భర్త చనిపోయే ఘట్టం మొత్తం తీసేశారు. “ఆయన భలే లైటిచ్చాడండీ,” అన్నారు నాతో, సాటి పనివాడి గురించి చెప్పినట్టు.

ఇరవై తొమ్మిదో రోజున మూడో నోటీసు సిద్ధమైందని తెలిసింది. ఈసారి ప్రతినిధికి కాదు, నేరుగా దరఖాస్తుదారుకే అందజేయాలట. అందుకున్నట్టు సంతకం తీసుకోవాలి, లేదా తీసుకోలేదని ఇద్దరు సాక్షుల ముందు పంచనామా రాయాలి. అది ఆఫీసుకు చేరగానే దరఖాస్తు రద్దు.

మిగిలింది ఒకే ఒక్క షాట్. ఊళ్లో సగంమందికి పురుడు పోసిన మంత్రసాని, పని మానేసిన సాయంత్రం, పడమటి కిటికీ దగ్గర ఊరికే కూర్చుంటుంది. ఆ సగం మొహం. ముప్ఫయ్యో రోజు సాయంత్రం అయిదున్నరకు అందరూ సిద్ధంగా ఉంటే ఎల్లేశం గారి మోటారు సైకిల్ వచ్చి ఆగింది. చేతిలో కవరు ఉంది.

నీలవేణి ఎదురెళ్లింది. “అన్నా, ఒక్క గంట ఆగన్నా. నీ కాళ్లు పట్టుకుంటా.”

“నన్నెందుకమ్మా పట్టుకునుడు? నోటీసు నీకు గాదు.” ఆయన పైకి చూశారు. “డాబా మీదికి పోనీకి మెట్లున్నయా? రూలు ప్రకారం మనిషికి ఎంత దగ్గరికి పోవస్తే అంత దగ్గరికి పోయి ఇయ్యాలె. జెర నిదానంగనే ఎక్కుత. మోకాళ్ల నొప్పులు.”

పెంకుటింటికి డాబా ఏముంటుంది? పక్కన ధాన్యం గాదె కప్పు మీదకు ఉన్న నిచ్చెన చూపించాను. ఒక్కో మెట్టూ లెక్కపెట్టుకుంటూ ఎక్కారు. కప్పు మీద పడమటి వైపు తిరిగి, కవరు ముందుకు చాచి, బిగ్గరగా పిలిచారు.

“సూర్యనారాయణమూర్తి గారూ! నోటీసు తీసుకోండ్రి!”

కింద గదిలో దైవాధీనం గారు గట్టిగా మాట్లాడొద్దని చేత్తో సైగ చేశారు. బంగారు వెలుతురు కిటికీలోంచి దిగి ఆవిడ నుదుటి మీదకు, ముక్కు మీదకు, ఒక చెంప మీదకు వచ్చింది. అక్కడే ఆగింది. ఆవిడ ఏమీ చేయలేదు, చేతులు చూసుకుంటూ కూర్చుంది. పై నుంచి రెండోసారి పిలుపు వినిపించింది. వెలుతురు చెంప మీద నుంచి గడ్డం మీదకు జారింది. మూడోసారి పిలిచేసరికి ఆవిడ చేతివేళ్ల మీద మాత్రం మిగిలింది. తర్వాత అదీ లేదు.

“కట్,” అంది నీలవేణి, చెప్పడం ఇష్టం లేనట్టు.

దైవాధీనం గారు కెమెరాకు దండం పెట్టి పక్కనున్న స్టూలు మీద కూర్చున్నారు. ఎవరూ చప్పట్లు కొట్టలేదు. ఎల్లేశం గారు దిగివచ్చి, అరుగు మీద కూర్చుని, మోకాలి మీద కాగితం పెట్టుకుని తీరిగ్గా రాశారు. రాసింది మా ఇద్దరికీ చదివి వినిపించారు.

‘ఈ దినము సాయంత్రం దరఖాస్తుదారుకు ముఖాముఖి నోటీసు అందజేయబోగా, మూడుసార్లు పిలిచినను బదులు పలుకక, నోటీసు తీసుకొనుటకు నిరాకరించి, మెల్లగా పడమటి దిక్కుకు వెళ్లిపోయినారు. వెళ్లునప్పుడు కూడా బంగారు వర్ణము వినియోగించుచునే యున్నారు.’

సాక్షులుగా దైవాధీనం గారూ నేనూ సంతకాలు చేశాం. రాసినదాంట్లో ఒక్క ముక్క అబద్ధం లేదు.